టవర్ కళ్ళెదుటే ఉంది, సిగ్నల్ మాత్రం లేదు

పది రోజులుగా మిరప కోతల్లో పడి ఇక్కడ ఏమీ రాయలేకపోయాను. పోస్టు పొడుగ్గానే ఉంటుంది, తీరిక చూసుకుని చదవండి. ఈసారి తెగుళ్ళ సంగతి కాదు, ధరల సంగతి కాదు. ఫోన్ సిగ్నల్ సంగతి.

రైతుకెందుకయ్యా ఇది అంటారేమో. ఈ-క్రాప్ దగ్గర ఫోన్ నంబరు కావాలి, పంట అమ్ముకోవాలంటే ఓటీపీ కావాలి, బ్యాంకులో లోను తిరగరాయించుకోవాలంటే ఓటీపీ కావాలి, బోరు మోటారు వేయాలన్నా ఇప్పుడు ఫోనే. పలుగు, పార ఇంట్లో మర్చిపోయి పొలం వెళ్తే పక్కవాడిని అడిగి తెచ్చుకుంటాం. సిగ్నల్ అలా అడిగి తెచ్చుకోవడానికి లేదు. ఎందుకు లేదు అన్నదే ఈ పోస్టు.

మీ ఫోన్‌లో ఎప్పుడైనా గీతలన్నీ పోయి పైన 'ఎమర్జెన్సీ కాల్స్ ఓన్లీ' అని రావడం చూశారా? చాలామంది అక్కడ సిగ్నలే లేదనుకుంటారు. నిజానికి దానర్థం వేరు. మీ కంపెనీ టవర్ అందట్లేదు కానీ ఇంకో కంపెనీ టవర్ మీ ఫోన్‌కి చక్కగా అందుతోంది అని. అసలే టవరూ అందకపోతే 'నో సర్వీస్' అని వస్తుంది. నమ్మకం కుదరకపోతే సెట్టింగ్స్‌లోకి వెళ్ళి, మొబైల్ నెట్‌వర్క్ దగ్గర ఆటోమేటిక్ అన్నది తీసేసి చూడండి. ఒకటి రెండు నిమిషాలు వెతికి ఆ చుట్టుపక్కల అందుతున్న కంపెనీల పేర్లన్నీ వరసగా చూపిస్తుంది. మీది కాని పేరు మీద నొక్కితే కుదరదు పొమ్మంటుంది.

ఆ పొమ్మనడం వెనక జరిగేది ఇంతే. మన సిమ్ములో ఒక నంబరు ఉంటుంది, ఫోన్ నంబరు కాదు, లోపలి నంబరు. మన దేశం సిమ్ములకి అది 404తోనో 405తోనో మొదలవుతుంది, ఆ తర్వాతి అంకెలు ఏ కంపెనీ, ఏ సర్కిల్ అన్నది చెబుతాయి. ఫోన్ వెళ్ళి టవర్‌ని తలుపు తడుతుంది. టవర్ ఆ నంబరు చూసి 'నువ్వు మావాడివి కాదు' అని తెలుసుకుంటుంది. రెండు కంపెనీల మధ్య ఒప్పందం ఉంటే మన కంపెనీని అడిగి, వాళ్ళు సరే అంటే లోపలికి రానిస్తుంది, ఆ ఖర్చు వాళ్ళూ వాళ్ళూ తేల్చుకుంటారు. ఒప్పందం లేకపోతే తలుపు వేసేస్తుంది. మన ఫోన్ కూడా ఆ కంపెనీ పేరుని 'ఇటు వెళ్ళొద్దు' అని ఒక జాబితాలో రాసుకుని, తనంతట తాను మళ్ళీ ఆ గుమ్మం తొక్కదు. అంటే అడ్డం ఉన్నది కొండ కాదు, దూరం కాదు, యంత్రం కాదు. కాగితం.

మా వైపు, అంటే మార్కాపురం పక్కన నల్లమల అంచు పల్లెల్లో, ఇది రోజువారీ వ్యవహారం. ఊళ్ళో ఒక కంపెనీ టవర్ ఉంది. నాలుగు కిలోమీటర్ల అవతల రోడ్డు మీద ఇంకో కంపెనీది. నా సిమ్ము రోడ్డు మీద కంపెనీది. ఇంటి దగ్గర ఒకటిన్నర గీత, పొలంలో సున్నా. పొలం గట్టు మీద నిలబడితే ఊళ్ళో టవర్ తలకాయ చెట్ల పైనుంచి స్పష్టంగా కనపడుతుంది, రాత్రయితే దాని ఎర్ర దీపం కూడా. చేతిలో ఫోన్ మాత్రం రాయి.

మా పక్క పొలం రైతుకి పోయిన పత్తి సీజన్లో ఒక దెబ్బ తగిలింది. అమ్మకానికి స్లాట్ పెట్టుకోవాలి, యాప్‌లో నంబరు కొట్టాడు, కొడుకు ఫోన్‌లో ఇంటర్నెట్ ఉంది కాబట్టి యాప్ తెరుచుకుంది. ఓటీపీ రావాల్సింది తండ్రి నంబరుకి. ఆ నంబరు కంపెనీకి అక్కడ టవర్ లేదు. బండేసుకుని రోడ్డు ఎక్కేసరికి ఓటీపీలు మూడూ ఒకేసారి టింగు టింగుమని దిగాయి, అప్పటికి మూడూ చచ్చిపోయినవే. మళ్ళీ స్లాట్ దొరికేసరికి పన్నెండు రోజులు. ఈలోగా వాన పడి పత్తి చెమ్మ పట్టింది. క్వింటాలుకి ఎంత కోశారో చెప్పను, పత్తి వేసినవాళ్ళకి తెలుసు. ఏ కంపెనీ అన్నది కూడా ఇక్కడ ముఖ్యం కాదు. ఇంకో ఊళ్ళో ఇదే కథలో కంపెనీలు అటుదిటు, ఇటుదటు అవుతాయి, అంతే.

ఇక్కడొక తమాషా చెప్పాలి. సంక్రాంతికి మా పెద్దనాన్న మనవడు డల్లాస్ నుంచి వచ్చాడు. ఇక్కడి సిమ్ము తీసుకోలేదు, అమెరికా సిమ్ముతోనే తిరిగాడు. పొలంలో వాడికి ఫుల్ సిగ్నల్! ఊళ్ళో టవర్ వాడిని రానిచ్చింది. మర్నాడు రోడ్డు మీదికెళ్తే అవతలి కంపెనీ టవర్ కూడా రానిచ్చింది. వాడి అమెరికా కంపెనీ మన దేశంలో ఒకదానితో కాక రెండు మూడు కంపెనీలతో ఒప్పందం చేసుకుని ఉంది కాబట్టి ఏది అందితే దాంట్లో దూరుతుంది. పుట్టినప్పట్నుంచీ ఇక్కడే ఉండి, నెల నెలా రీచార్జి చేయించుకునే నాకు లేని హక్కు, వారం రోజులకి చుట్టపు చూపుగా వచ్చినవాడికి ఉంది. మా పెదనాన్న పడీ పడీ నవ్వాడు. నాకైతే నవ్వు రాలేదు.

సరే, అందరం చేసేదే నేనూ చేశాను. రెండో సిమ్ము. ఇప్పుడు పల్లెల్లో ఫోన్‌లన్నీ రెండు సిమ్ములవే, కారణం ఇదే. 28 రోజుల రీచార్జి 200 రూపాయలకి అటూ ఇటూగా ఉంది. ఏడాదికి 12 నెలలు కానీ రీచార్జీలు 13, ఆ లెక్క మీకు తెలిసిందే. రెండో సిమ్ముకి ఏడాదికి 2,600. ఇంట్లో రెండు ఫోన్లుంటే 5,200. దాంట్లో 18 శాతం జీఎస్టీ ఎలాగూ ఉంది. నేను దీన్ని రెండు సిమ్ముల పన్ను అంటాను. పట్నంలో ఒక సిమ్ముతో బతికేవాళ్ళు ఈ పన్ను కట్టరు. టవర్లు తక్కువున్న చోట ఉండేవాళ్ళే కడతారు. సేవ తక్కువైన చోట ఖర్చు రెట్టింపు.

ఇంకోటి, ఆధార్‌కి, బ్యాంకుకి, పాసుపుస్తకానికి ఇచ్చిన నంబరు ఒక్కటే ఉంటుంది. రెండో సిమ్ము ఉన్నా ఓటీపీ మొదటి దానికే వస్తుంది. కాబట్టి రెండో సిమ్ము మాట్లాడుకోవడానికి పనికొస్తుంది కానీ సర్కారు పనికి రాదు.

బోరు మొబైల్ స్టార్టర్లున్నవాళ్ళ బాధ ఇంకో రకం. స్టార్టర్‌లో సిమ్ము ఒకటే పడుతుంది. పాత స్టార్టర్లు చాలావరకు 2జీ మీద పనిచేసేవి, జియోకి 2జీ లేదు, అది మొదట్నుంచీ 4జీ కంపెనీ. అక్కడ అందే 2జీ టవర్ ఏ కంపెనీదైతే ఆ సిమ్మే వేయాలి, రేపు ఆ టవర్ మూలన పడితే స్టార్టర్ కూడా మూలనే. అప్పుడు కరెంటు వచ్చిందో లేదో చూడటానికి రాత్రిపూట టార్చిలైటు పట్టుకుని పాముల దారిన నడవాల్సిందే. మొబైల్ స్టార్టర్ కొన్నది ఆ నడక తప్పించుకోవడానికే కదా.

ఇప్పుడు అసలు విషయానికొస్తాను. ఒకే సర్కిల్లో ఒక కంపెనీ ఫోన్ ఇంకో కంపెనీ టవర్ మీద పనిచేయడాన్ని ఇంట్రా సర్కిల్ రోమింగ్ అంటారు. సర్కిల్ అంటే కంపెనీ లైసెన్సు ప్రాంతం. రాష్ట్రం 2014లో రెండయినా టెలికాం లెక్కలో ఆంధ్రప్రదేశ్, తెలంగాణ కలిపి ఇప్పటికీ ఒకటే సర్కిల్. ఈ రోమింగ్ కొత్త ఊహేమీ కాదు. మనలో చాలామంది మనకి తెలియకుండానే వాడాం కూడా.

2010లో 3జీ వేలం జరిగింది. ఏ ప్రైవేటు కంపెనీకీ దేశమంతా 3జీ దక్కలేదు. ఒకరికి ఈ సర్కిల్, ఒకరికి ఆ సర్కిల్. అప్పుడు ఎయిర్‌టెల్, వొడాఫోన్, ఐడియా ముగ్గురూ ఒక మాట అనుకుని, నాకు లేని చోట నీది వాడుకుంటా, నీకు లేని చోట నాది వాడుకో అని ఒప్పందం రాసుకున్నారు. కస్టమర్‌కి తేడా తెలియలేదు, ఫోన్ మీద 3జీ అని వచ్చింది అంతే. టెలికాం శాఖ ఒప్పుకోలేదు. లైసెన్సు లేని చోట 3జీ అమ్ముతున్నారు, ఆపండి అంది, మూడు కంపెనీలకీ కలిపి 1,200 కోట్ల జరిమానా వేసింది. వాళ్ళు టీడీశాట్‌కి వెళ్ళారు. 2014 ఏప్రిల్లో టీడీశాట్ ఆ ఒప్పందాలు తప్పు కాదని చెప్పి జరిమానాలు కొట్టేసింది.

గమనించారా? తమ వ్యాపారానికి అవసరం పడ్డప్పుడు కంపెనీలు మూడూ కలిసి ఒకరి టవర్ ఒకరు వాడుకున్నాయి. దానికోసం సర్కారుతో కోర్టుల్లో ఏళ్ళ తరబడి కొట్లాడాయి కూడా. సాంకేతికంగా కుదరదు అని అప్పుడు ఎవరూ అనలేదు. కాబట్టి ఇప్పుడు మనం అడిగితే 'అది చాలా క్లిష్టమైన విషయం' అంటే నేను వినను.

తుఫాన్లప్పుడు సర్కారే ఈ తలుపులు తెరిపిస్తోంది. 2023 జూన్‌లో బిపర్‌జాయ్ తుఫాను గుజరాత్ మీదికొచ్చినప్పుడు కచ్, ద్వారక, జామ్‌నగర్ లాంటి జిల్లాల్లో ఎవరి ఫోన్ అయినా ఏ కంపెనీ టవర్ అందితే దానిమీద పనిచేయాలని టెలికాం శాఖ ఉత్తర్వు ఇచ్చింది. 2025 ఆగస్టులో జమ్మూ కాశ్మీర్ వరదలప్పుడూ అంతే. ఉత్తర్వు ఇవ్వగానే పనిచేసింది, తేదీ అయిపోగానే మూసేశారు. 2014లో హుద్‌హుద్ వచ్చి విశాఖలో ఫోన్లన్నీ మూగబోయిన రోజులు మన వాళ్ళకి గుర్తుండే ఉంటాయి. బిడ్డలు బతికున్నారో లేదో తెలియక హైదరాబాద్‌లో, బెంగళూరులో ఉన్నవాళ్ళు ఎంత అల్లాడారో. తుఫాను రోజుకి తలుపు తెరవడం మంచిదే. కాకపోతే పల్లెలో అవసరం తుఫానుతో రాదు. పురుగు కుడుతుంది, ట్రాక్టరు తిరగబడుతుంది, పురుగుమందు కొట్టే మనిషి కళ్ళు తిరిగి పడిపోతాడు. వీటికి ఢిల్లీ నుంచి ఉత్తర్వు రాదు.

బయటి దేశాల్లో కూడా కష్టం వచ్చాకే తెరిచారు. యుక్రెయిన్‌లో యుద్ధం మొదలైన కొద్ది రోజులకే, 2022 మార్చిలో, అక్కడి మూడు కంపెనీలూ ఒకరి నెట్‌వర్క్ మీద ఒకరి ఫోన్లు పనిచేసేలా పెట్టుకున్నాయి. కెనడాలో 2022 జులై 8న రోజర్స్ నెట్‌వర్క్ దేశమంతా పడిపోతే, అక్కడి ప్రభుత్వం కంపెనీలన్నిటినీ కూర్చోబెట్టి, ఇలాంటప్పుడు ఒకరికొకరు రోమింగ్ ఇచ్చుకోవాలని ఒప్పించింది.

ఇక మన దగ్గర జరిగిన మంచి పని ఒకటి ఉంది, దాని గురించి మన పల్లెల్లో ఎవరికీ సరిగ్గా తెలియదు. మనం రీచార్జి చేసే డబ్బులో కంపెనీలు తమ ఆదాయం మీద 5 శాతం సర్కారు నిధికి కట్టాలి. పల్లెలకి, అడవులకి ఫోన్ సౌకర్యం కల్పించడానికి పెట్టిన నిధి అది. పాత పేరు యూఎస్ఓ ఫండ్, ఇప్పుడు డిజిటల్ భారత్ నిధి. కంపెనీలకి గిట్టుబాటు కాని చోట్ల ఈ డబ్బుతో టవర్లు వేయిస్తారు. 2021 నవంబరులో కేంద్ర క్యాబినెట్ అయిదు రాష్ట్రాల్లో 7,287 ఊళ్ళకి ఇలా 4జీ ఇవ్వాలని నిర్ణయించింది, ఆ అయిదింట్లో ఆంధ్రప్రదేశ్ ఒకటి. 2022 జులైలో దేశమంతా 24,680 ఊళ్ళకి 26,316 కోట్లతో ఇంకో పథకం.

ఈ టవర్లతో మొదట వచ్చిన పేచీ ఏంటంటే, నిధి మనందరిది, టవర్ వేసింది ఒక కంపెనీ, పనిచేసేది ఆ ఒక్క కంపెనీ సిమ్ములకే. అందరి డబ్బుతో బావి తవ్వించి ఒక్క వీధివాళ్ళే తోడుకోవాలన్నట్టు. 2025 జనవరి 17న టెలికాం మంత్రి జ్యోతిరాదిత్య సింధియా దీన్ని మార్చారు. ఈ నిధితో వేసిన 4జీ టవర్ల మీద బీఎస్ఎన్ఎల్, ఎయిర్‌టెల్, జియో ముగ్గురి కస్టమర్లూ పనిచేసేలా ఒప్పందం చేయించారు. సుమారు 27,000 టవర్లు, 35,400 పైచిలుకు ఊళ్ళు అని అప్పట్లో చెప్పారు. ఆ ప్రకటనలో వొడాఫోన్ ఐడియా పేరు లేదు, ఆ సిమ్మున్నవాళ్ళు గమనించుకోండి.

నా ఉద్దేశంలో ఇది ఈ మధ్య పల్లె కోసం జరిగిన మంచి పనుల్లో ఒకటి. ఎవరు చేసినా మంచిని మంచి అనాలి. కానీ అక్కడితో ఆగిపోయింది. నిధి డబ్బు పెట్టిన టవర్లకే ఇది వర్తిస్తుంది. మా ఊళ్ళో ఉన్నది కంపెనీ సొంత డబ్బుతో వేసుకున్న టవర్. దాని జోలికి ఎవరూ పోరు.

ఇక్కడ అవతలి వాదన కూడా చెప్పాలి, లేకపోతే నేను ఏకపక్షంగా రాశాననుకుంటారు. కంపెనీవాళ్ళు అనేది ఇది. కొండ మీద, అడవి పక్కన టవర్ వేస్తే తిరిగి వచ్చేది తక్కువ. అయినా వేశామంటే, ఆ ఊళ్ళో మా సిగ్నలే ఉంటుంది కాబట్టి జనం మా సిమ్ము కొంటారన్న ఆశతో. రేపు అందరినీ రానివ్వాలంటే మేమెందుకు వేయాలి? పక్కవాడు వేసేదాకా కూర్చుంటే పోలా? అందరూ అలా కూర్చుంటే అసలు టవరే రాదు.

ఇది కొట్టిపారేసే మాట కాదు. ఆస్ట్రేలియాలో సరిగ్గా ఇదే జరిగింది. అక్కడ మైళ్ళ కొద్దీ పొలాలు, టెల్‌స్ట్రా అనే ఒక్క కంపెనీ మిగతావాళ్ళకంటే చాలా దూరం టవర్లు వేసింది. మిగతావాళ్ళకి రోమింగ్ ఇవ్వాలా అని అక్కడి పోటీ నియంత్రణ సంస్థ మూడుసార్లు విచారణ చేసింది. 1998లో, 2005లో, మళ్ళీ 2017లో. మూడుసార్లూ వద్దనే తేల్చింది. బలవంతంగా ఇప్పిస్తే జనానికి మేలు జరుగుతుందన్న నమ్మకం కుదరలేదు అంది. బ్రిటన్‌లో కూడా 2014లో మంత్రి సాజిద్ జావిద్ రోమింగ్ పెడదామంటే కంపెనీలు ఒప్పుకోలేదు. చివరికి 2020లో కంపెనీలు, సర్కారు కలిసి డబ్బు పెట్టుకుని పల్లెల్లో టవర్లు పంచుకునే పథకం వేసుకున్నాయి.

కాబట్టి 'రేపట్నుంచి ఏ టవర్ అయినా అందరిదీ' అని నేను అనట్లేదు. అలా అంటే వినడానికి బాగుంటుంది, నాలుగు చప్పట్లు పడతాయి, తర్వాత మన ఊళ్ళకి కొత్త టవర్ రాదు. టవర్ వేసినవాడు పెట్టుబడి పెట్టాడు. బోరు వేసిన రైతు నీళ్ళు ఊరికే ఇమ్మంటే ఇస్తాడా? కానీ మన ఊళ్ళల్లో బోరున్నవాడు ఎకరానికింత అని తీసుకుని పక్క చేనుకి తడి ఇవ్వడం లేదా? ఎండిపోయే పైరు పక్కన పెట్టుకుని డబ్బులిస్తానన్నా ఇవ్వనంటే ఆ మనిషిని ఊళ్ళో ఎలా చూస్తారో మీకు తెలుసు.

ధర ఎలా తేలుస్తారు అంటే, ఇది మనకి అలవాటు లేని పని కాదు. ఒక కంపెనీ ఫోన్ నుంచి ఇంకో కంపెనీ ఫోన్‌కి కాల్ చేస్తే నిమిషానికి ఇన్ని పైసలు అవతలి కంపెనీకి కట్టాలని ట్రాయ్ చాలా ఏళ్ళు రేటు పెట్టింది. 2017లో దాన్ని 14 పైసల నుంచి 6 పైసలు చేసింది, 2021 జనవరి 1 నుంచి పూర్తిగా ఎత్తేసింది. ఏటీఎం చూడండి. ఏ బ్యాంకు కార్డయినా ఏ ఏటీఎంలోనైనా పనిచేస్తుంది, మన బ్యాంకు ఆ ఏటీఎం బ్యాంకుకి ఒక్కో విత్‌డ్రాకి రుసుము కడుతుంది, 2025 మే నుంచి అది 19 రూపాయలు. పల్లెలో ఏటీఎం పెట్టిన బ్యాంకుకి వచ్చిన ప్రతివాడి మీదా ఎంతో కొంత వచ్చింది. ఫోన్‌కీ అలాగే రేటు కట్టొచ్చు.

నేను అడిగేది ఇది. ఒక ఊళ్ళో, దాని పొలాల్లో, ఒకే కంపెనీ సిగ్నల్ ఉంటే, ఆ టవర్ వేసి మూడేళ్ళు దాటితే, మిగతా కంపెనీల సిమ్ములకి కనీసం మాట, ఎస్సెమ్మెస్ ఇవ్వాలి. సినిమాలు చూసే ఇంటర్నెట్ ఇవ్వక్కర్లేదు. ఓటీపీ రావాలి, ఒక ఫోన్‌పే వెళ్ళాలి, ఒక కాల్ పోవాలి. రేటు ట్రాయ్ కట్టాలి, టవర్ వేసినవాడికి గిట్టుబాటు అయ్యేటట్టు. మూడేళ్ళు అన్నది నా లెక్క, అయిదు అన్నా నాకు అభ్యంతరం లేదు. మొదట్లో వేసినవాడికి కొన్నేళ్ళ లాభం ఉండాలి, ఆ తర్వాత కూడా ఊరు మొత్తాన్ని ఒక్కడే కట్టేసుకోకూడదు.

టవర్ నిండిపోతుంది, ఉన్న కస్టమర్లకి స్పీడు తగ్గుతుంది అని ఇంకో మాట అంటారు. ఇంటర్నెట్ మొత్తం ఇస్తే నిజమే. మాటకి, మెసేజికి పట్టే చోటెంత? నాలుగొందల గడప ఊళ్ళో అందరూ ఒకేసారి ఫోన్లు చేసినా ఎంత? అలాగే మన టవర్ మళ్ళీ అందినా ఫోన్ వెంటనే వెనక్కి రాదు, బ్యాటరీ తింటుంది అంటారు. అది కొంత నిజం. రాయిలా పడి ఉండే ఫోన్ కంటే బ్యాటరీ తినే ఫోన్ నయం.

అసలు ఈ గాలిలో తరంగాలు ఎవరి సొత్తు? 1995 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు తరంగాలు ప్రజల ఆస్తి అని చెప్పింది. క్రికెట్ ప్రసారాల తగాదాలో వచ్చిన తీర్పు అది, ఫోన్ల గురించి కాదు, కానీ తరంగం ఒకటే కదా. కంపెనీ కొన్నది వాడుకునే హక్కు. మన ఊరి మీదుగా పోయే తరంగం ఆ కంపెనీ ఒక్కదానికే ఇచ్చి, దాన్ని ఆ కంపెనీ ఊళ్ళో సగం మందికి మూసేస్తే, మిగతా సగం మంది ఆస్తి ఏమైనట్టు?

ఇంకో సంగతి ఎవరూ పట్టించుకోనిది. సిగ్నల్ ఉన్న ఊరు, లేని ఊరు అని లెక్క వేసేటప్పుడు చూసేది ఇళ్ళున్న చోటు. గుడి దగ్గర రెండు గీతలొస్తే ఊరికి సిగ్నల్ ఉన్నట్టే. రైతు పగలంతా ఉండేది గుడి దగ్గర కాదు, రెండు మూడు కిలోమీటర్ల అవతల చేలో. ఆ చేలు ఏ లెక్కలోనూ లేవు. కాబట్టి కాగితం మీద మా ఊరు కూడా రెండు మూడు కంపెనీల సిగ్నల్ ఉన్న ఊరే. నేను పైన 'ఊళ్ళో, దాని పొలాల్లో' అని రాసింది అందుకే.

ఈలోగా మన చేతిలో ఉన్నవి కొన్ని చెబుతాను. 'ఎమర్జెన్సీ కాల్స్ ఓన్లీ' అని ఉన్నప్పుడు 112 కొట్టండి. ఆ నంబరుకి వేరే కంపెనీ టవర్ కూడా దారి ఇవ్వాలి, ఫోన్లు తయారయ్యేదే అలా. 108 అలవాటుగా కొడతాం, కానీ మన సిగ్నల్ లేనప్పుడు దాని మీద నమ్మకం పెట్టుకోవద్దు. 112 వాళ్ళే అంబులెన్సుకి, పోలీసుకి, ఫైరింజనుకి చెబుతారు. ఇంట్లో ముసలివాళ్ళకి, కూలికి వచ్చే ఆడవాళ్ళకి ఇది చెప్పి ఉంచండి.

కంపెనీ మారాలనుకుంటే ముందు మ్యాప్ చూడండి. ట్రాయ్ కొత్త నియమాల ప్రకారం ప్రతి కంపెనీ తన వెబ్‌సైట్‌లో ఎక్కడెక్కడ 2జీ, 4జీ, 5జీ ఉందో మ్యాప్ పెట్టాలి, పెట్టాయి కూడా. దాంట్లో ఊరు కాదు, మీ చేను ఉన్న చోటు పెద్దది చేసి చూడండి. చూశాక ఆ కంపెనీ సిమ్మున్న ఎవరినైనా చేనుకి తీసుకెళ్ళి ఒకసారి ఫోన్ చేయించండి, మ్యాప్ కంటే అదే నమ్మకం. తర్వాతే 1900కి పోర్ట్ మెసేజి పెట్టండి. నంబరు అదే ఉంటుంది కాబట్టి ఆధార్, బ్యాంకు ఏవీ మార్చక్కర్లేదు. ఒకసారి మారితే 90 రోజులు కదలడానికి లేదు, తొందరపడొద్దు. ఇంట్లో ఫైబర్ ఇంటర్నెట్ ఉన్నవాళ్ళు ఫోన్‌లో వైఫై కాలింగ్ ఆన్ చేసుకుంటే ఇంటి వరకు సిగ్నల్ బాధ తీరుతుంది. చేలో మాత్రం అది పనికిరాదు.

ఫిర్యాదు చేయాలంటే ముందు కంపెనీ కస్టమర్ కేర్‌కి చేసి ఆ నంబరు రాసుకోండి, పని జరక్కపోతే అదే కంపెనీలో అప్పీలు ఉంటుంది, ఆ తర్వాత టెలికాం శాఖ ఫిర్యాదుల విభాగం. ఒక్కొక్కరుగా కాకుండా గ్రామసభలో తీర్మానం రాయించి, సర్వే నంబర్లతో, ఏ చేలో ఏ కంపెనీ అందుతుంది, ఏది అందదు అని పట్టిక చేసి ఎంపీకి ఇస్తే దానికి బరువుంటుంది. మా ఊళ్ళో పట్టిక మొదలుపెట్టాం, ఇప్పటికి 62 సర్వే నంబర్లు తిరిగాం.

పాడేరు, అరకు, సీతంపేట, ఏటూరునాగారం, ఆసిఫాబాద్ వైపు మిత్రులకి ఒక మాట. నిధి డబ్బుతో వేసిన టవర్లు మీ వైపు ఉండే అవకాశం ఎక్కువ. మీ ఊళ్ళో కొత్త 4జీ టవర్ ఉండి, మీ సిమ్ము ఆ కంపెనీది కాకపోతే, సిమ్ము పడేయకముందు ఒక పని చేయండి. సెట్టింగ్స్‌లో డేటా రోమింగ్ ఆన్ చేసి, నెట్‌వర్క్ ఆటోమేటిక్‌లో పెట్టి, ఫోన్ ఒకసారి ఆపి వేయండి. పనిచేస్తే ఏ సిమ్ము, ఏ కంపెనీ టవర్ అన్నది ఊరి పేరుతో నాకు రాయండి. పనిచేయకపోతే అది కూడా రాయండి, మా పట్టిక పక్కన మీది కూడా కలిపి పంపిస్తాను.